గడప బయట వాన

కాపురానికి వచ్చిన నాటి నుంచి చచ్చేదాకా నా పేరు ఒక్కసారి కూడా పలకని నా భార్య మంగతాయి, చచ్చిన తరువాత ఆ పేరును తీసుకెళ్లి ఒక జపాను సినిమా వాడికి ఇచ్చింది. ఇది జరిగిన విషయం. దీని మీద ఎవరి ఓదార్పూ నాకు అక్కరలేదు.

పేరు అక్కడికి పోయింది కాబట్టి ఇక్కడ లేదు. పొద్దున టీ కొట్టు దగ్గర నన్ను పిలవబోయిన వాళ్ల నోళ్లు కదులుతాయి. పెదవులు రెండుసార్లు కలుస్తాయి, చివర నోరు వెడల్పుగా తెరుచుకుంటుంది. శబ్దం రాదు. వాళ్లు గొంతు సవరించుకుని మళ్లీ ప్రయత్నిస్తారు. చివరికి "ఇదిగో, నిన్నే" అంటారు. మంగతాయి కూడా ఇన్నేళ్లూ అదే అన్నది. ఇప్పుడు ఊరంతా నా పెళ్లాంలాగా మాట్లాడుతోంది.

నేను మిరపకాయల గోడౌన్‌లో గోతాలు కుడతాను. దబ్బనం, పురికొస, అంతకుమించి నాకేమీ లేదు. గోతాం మూతి కుట్టేటప్పుడు రెండు మూలలా చెవులు వదలాలి. అవి లేకపోతే హమాలీలకు పట్టు దొరకదు. ఈ సంగతి ఇప్పుడే చెబుతున్నాను. తరువాత ఆగి చెప్పే ఓపిక నాకుండదు.

టీ తాగి ఇంటికి వచ్చేసరికి నా గడప మీద ఒక మనిషి కూర్చుని ఉన్నాడు. నల్ల కోటు. భుజాల మీద మంచు. ఇది రోళ్లు పగిలే ఎండాకాలం. ఆ మంచు కరగడం లేదు.

"గడప మీద కూర్చోకూడదు. లే," అంటాను.

అతను నోరు కదుపుతాడు. మాట రాదు. కోటు లోపలి నుంచి ఒక సత్తు డబ్బా తీస్తాడు. అన్నం డబ్బా. ఏళ్ల తరబడి ఊరగాయ పులుపు తినేసిన మూత మధ్యలో సన్నని చిల్లులు పడి ఉన్నాయి. మూత తీస్తాడు. డబ్బాలోంచి ఒక ముసలి బొంగురు గొంతు వస్తుంది. మిర్చి యార్డులో దళారి మాట్లాడినట్టు మాట్లాడుతుంది.

"లేచి ఏడ కూకోవాలయ్యా? లోపలికి రమ్మని ఎవురన్నా పిలిచారా?"

"ఎవరిది ఆ గొంతు?"

"మా నాయనది. నాకు గొంతు లేదు. మా జపానులో ఈయన తెర పక్కన నిలబడి మూగ బొమ్మలకు మాటలు చెప్పేవోడు. ఏ బొమ్మకైనా చెబుతాడు. నీ ఊరి యాస ఈయనకొక లెక్కా?"

అక్కడికి అతని పెదవులు ఆగిపోతాయి. గొంతు మాత్రం ఆగదు. "మంచినీళ్లకి కూడా గతిలేని కొంప," అని కలుపుతుంది. ఆ చివరి మాట అతనిది కాదు. పెదవులు మూసుకునే ఉన్నాయి.

నేను మంచినీళ్లు ఇవ్వను.

అతని పేరు కురోయివా. సినిమాలు తీస్తాడు, పద్యాలు రాస్తాడు. తన దేశంలో తనను మెచ్చుకున్న వాళ్లకంటే రాళ్లు వేసిన వాళ్లు ఎక్కువని అతనే చెబుతాడు, గర్వంగా కాదు, ఎండ ఎక్కువగా ఉందన్నట్టు.

"నీ భార్య నా సినిమాలో ఉంది," అంటాడు.

"నా భార్య చచ్చిపోయింది. చితి అంటించింది నేనే."

"నువ్వు కాల్చింది లోపలికొచ్చిన మనిషిని. బయట నిలబడ్డ మనిషిని ఎవురూ కాల్చలా. ఇక్కడే వానలో నిలబడి ఉండె. నేను తీసుకున్నా."

గడప అవతల, మెట్టు కింద వేలు పెట్టి చూపిస్తాడు. వీధంతా ఎండకు బీటలు తీసి ఉంది. ఆ ఒక్కచోట నేల తడిగా ఉంది. రెండు పాదాలు పట్టేంత తడి. అది ఏనాటి నుంచో అక్కడే ఉంది. నీళ్ల తొట్టి కారుతోందనుకున్నాను.

అతను చెప్పేది నాకు అర్థమవుతుంది. అందుకే మరీ కోపం వస్తుంది.

మా వైపు కొత్త కోడలు గడప దాటే ముందు ఆడబిడ్డ తలుపుకు అడ్డం నిలబడుతుంది. మొగుడి పేరు చెబితేనే దారి ఇస్తుంది. ఆడది మొగుడి పేరు పలికేది ఆ ఒక్కసారే. తరువాత బతుకంతా పలకదు. మంగతాయి ఆ ఒక్కసారి కూడా పలకలేదు. మా అక్క అంకమ్మ అడ్డం నిలబడి అడిగింది. మేళం మోగుతోంది. వాన మొదలైంది. నేను డోళ్లు తడవకుండా మేళగాళ్లను అరుగు మీదికి ఎక్కిస్తున్నాను. వెనక నుంచి అక్క గొంతు వినపడింది. "చెప్పలా! పిల్ల పేరు చెప్పలా!" వాన పెద్దదైంది. తడుస్తున్నారు రానియ్యవే అన్నారు పెద్దవాళ్లు. మంగతాయి పేరు చెప్పకుండానే లోపలికి వచ్చింది. నా పేరు పలకడం ఇష్టంలేని మనిషి నా ఇంట్లో అన్నం వండింది. నేను తిన్నాను. క్షమించలేదు.

అంకమ్మ వస్తుంది. రెండిళ్లవతల ఉంటుంది, ఎవరొచ్చినా ముందు ఆమెకే తెలుస్తుంది. "ఒరే..." అని నోరు తెరుస్తుంది. పెదవులు రెండుసార్లు కలుస్తాయి. శబ్దం రాదు. గొంతు పట్టుకుంటుంది.

"పులిసిన మజ్జిగ తాగా. గొంతు పట్టేసింది రా."

"మజ్జిగ కాదు. నా పేరు పోయింది."

"యాడికి?"

"జపానుకు. ఈయన దగ్గర ఉంది."

"అంత దూరం ఎందుకు పోయింది, ఇక్కడేం తక్కువైందని?" అతన్ని ఎగాదిగా చూస్తుంది. "ఎవురు నాయనా నువ్వు? గడప మీద కూకుంటే శని పట్టుద్ది."

"కురోయివా," అంటుంది డబ్బా.

"కురవయ్యా? కురవయ్య అన్నాక బొట్టన్నా ఉండాల గదా." అతని భుజం మీది మంచును కొంగుతో దులపబోతుంది. అది రాలదు. వేలితో కొంచెం తీసి నాలుక మీద పెట్టుకుంటుంది. "ఉప్పు కాదు," అంటుంది, నిరాశగా.

నేను అసలు విషయానికి వస్తాను. "నా పేరు నాకు కావాలి."

"నీ పేరు నాకెందుకయ్యా? నాక్కావాల్సింది ఆమె మాట. బొమ్మలో ఆమె పెదవులు కదిలినయ్. ఏమందో వినపడదు. నా సినిమాకు ఒక పద్ధతుంది. బొమ్మలో మనిషి తాలూకు మనిషి తెర పక్కన నిలబడి ఆ మాట చెప్పాల. నువ్వు చెబితే ఆమె గడప దాటి లోపలికొచ్చుద్ది."

"చెప్పకపోతే?"

"వానలో ఉంటది."

"ఎంతకాలం?"

"సినిమాలో వాన దానంతటది ఆగదు. ఎవురో ఒకరు ఆపాల."

"ఆమె అన్నది నా పేరేనని నీకేం తెలుసు?"

"ఆ మాటన్నాక కొంగు కొరికింది. వేరే ఏ మాటకీ ఆడోళ్లు అట్టా కొరకరు."

నాకు కావాల్సింది ఒక్కటే. ఆ పేరు మంగతాయి నోట వినాలి. నా నోట అది ఎలా ఉంటుందో నాకు తెలుసు. ఆమె నోట ఒక్కసారి వింటే చాలు. తరువాత ఆమె తడిసినా, ఎండినా నాకేమీ లేదు. ఆ మాటే అతనితో చెబుతాను. అతను తల ఊపుతాడు. సినిమా చూడటానికి బయలుదేరతాం.

సినిమా ఆడేది పాత టాకీస్‌లో. ఊరి చివరి ఆ టాకీస్ ఎప్పుడో మూతపడి మిరపకాయల గోడౌన్ అయింది. నేను పని చేసేది అక్కడే. మా ఇంటి నుంచి బీడీ కాలినంత దూరం. కానీ కురోయివా తన జీవితం చెప్పడం మొదలుపెట్టాడు. అది అయ్యేదాకా వీధి అవదు. ఇళ్లు అయిపోయాక అవే ఇళ్లు మళ్లీ వస్తాయి.

"ఇది మా ఇల్లే," అంటుంది అంకమ్మ. కాసేపాగి, "ఇదీ మా ఇల్లే. తాళం వేశానో లేదో," అని చూసి వస్తుంది.

కురోయివా పుట్టింది చలి సముద్రం పక్కన ఒక చేపల ఊళ్లో. తండ్రి మూగ సినిమాలకు మాటలు చెప్పేవాడు. తెర మీద రాణి నోరు కదిపితే రాణి గొంతు, కుక్క నోరు కదిపితే కుక్క గొంతు. జనం బొమ్మ కోసం కాదు, ఆయన కోసం వచ్చేవాళ్లు. తరువాత సినిమాలే మాట్లాడటం నేర్చుకున్నాయి. తండ్రికి పని పోయింది. నోరు మాత్రం పోలేదు. కిటికీ పక్కన నిలబడి వీధికి మాటలు చెప్పాడు. చెట్టు పక్కన నిలబడి కాకికి చెప్పాడు. పొయ్యి పక్కన నిలబడి కురోయివా తల్లికి చెప్పాడు. ఆమె నోరు తెరిచేలోపు ఆమె ఏమనబోతుందో ఆయనే అనేసేవాడు. 'ఈ పూట ముల్లంగి కూర' అనేవాడు ఆడ గొంతు పెట్టి. ఆమె చేపలు చేయబోతూ ఆగి ముల్లంగి తరిగేది.

ఒక మంచు పడే ఉదయం తల్లి మూట పట్టుకుని గడప దగ్గర నిలబడింది. వెనక్కి తిరిగి ఏదో అన్నది. అదే క్షణంలో తండ్రి ఆమె గొంతు పెట్టి, 'బజారుకు పోయొస్తా' అన్నాడు. ఆమె అన్నది అది కాదు. ఆమె తిరిగి రాలేదు. ఏమన్నదో ఎవరికీ వినపడలేదు.

తండ్రి చనిపోయాక ఒళ్లు కాలింది, గొంతు కాలలేదు. తల్లి కొడుక్కి అన్నం పెట్టి ఇచ్చిన డబ్బాలో అది దూరి కూర్చుంది. కురోయివాకు ఉన్న ఒకే ఒక్క గొంతు అది. అందుకని దాన్ని మోస్తున్నాడు.

"అప్పటినుంచి నేను గడపలే తీస్తున్నా," అంటాడు. "గడప దగ్గర ఆడోళ్లే."

మొదటి సినిమాను మంచుగడ్డ మీద తీశాడు. అది ఒక్కసారే ఆడింది, ఆడుతూనే కరిగింది. జనం చెప్పులు చేతబట్టుకుని బయటికి వచ్చారు. ఇంకో సినిమాకు ప్రేక్షకులను తెర వెనక నిలబెట్టి, సినిమాను ఖాళీ కుర్చీలకు చూపించాడు. కుర్చీలు మెచ్చుకున్నాయి. మనుషులు వాటిని విరగ్గొట్టారు. మూడో దానిలో ఒకే ఒక మూసిన తలుపు, మూడు గంటలు.

"తెరుచుకుంటదా చివరికి?" అంటుంది అంకమ్మ.

"లేదు."

"పాటలన్నా ఉండయ్యా?"

"లేవు."

"ఫైటింగులు?"

"నాకూ మా నాయనకీ మధ్య ఉంటయ్."

నడుస్తూ ఒక పద్యం చదువుతాడు. పెదవులు కదులుతాయి, డబ్బా పలుకుతుంది.

"అమ్మ అన్న మాట
గడప ముందు మంచులో పడింది.
ఎండలొచ్చాయి,
అది నీరై ఇంకిపోయింది.
ఇప్పుడు ఎవరి బావిలోనో ఉంది."

"మా బావిలో లేదు నాయనా," అంటుంది అంకమ్మ. "మాది ఉప్పు నీళ్లు."

అతని పెదవులు మూసుకుంటాయి. గొంతు ఆరో పాదం కలుపుతుంది: "బజారుకు పోయొస్తానంది." కురోయివా మూత గట్టిగా నొక్కేస్తాడు. చిల్లుల్లోంచి గొణుగుడు కాసేపు వినపడి ఆగిపోతుంది. వీధి అయిపోతుంది. గోడౌన్ వస్తుంది.

గోడౌన్ చూసుకునే పున్నారావు తలుపు దగ్గర ముక్కుకు తువ్వాలు చుట్టుకుని కూర్చుని ఉన్నాడు.

"ఏందయ్యా మందని తోలుకొచ్చావ్? బేరానికా?"

"సినిమాకు."

"ఇంకెక్కడి సినిమా? ఎప్పుడో ఆపేశారు గదా."

కురోయివా మూత కొంచెం తీస్తాడు. "ఆపలా. ఇంటర్వెల్ ఇచ్చారు," అంటుంది డబ్బా.

పున్నారావుకు ఈ జవాబు సరిపోతుంది. "అయితే బెల్లు కొట్టక ముందే పోండి. సాయంత్రానికి లారీ వస్తది, నా సరుకు ఎక్కాల," అంటాడు.

లోపల నేను కుట్టిన గోతాలు వరసల్లో కూర్చుని ఉన్నాయి. చెవులు నిక్కబొడుచుకుని అన్నీ తెరవైపు తిరిగి ఉన్నాయి. ఆ తెర కూడా నేను కుట్టిందే. అసలు తెర ఎలుకలు కొట్టేస్తే, అప్పటి హాలు యజమాని పంచదార గోతాలు విప్పించి నాచేత కలిపి కుట్టించాడు. దాని అతుకులు నాకు చీకట్లో కూడా తెలుసు.

కురోయివాకు బొమ్మ వేసే మిషను అక్కరలేదు. పైకప్పు రేకు చిల్లులోంచి ఎండ కమ్మీలాగా దిగుతోంది. అతను ఒక గోతాం మీద చరుస్తాడు. మిరప ధూళి లేచి ఆ ఎండలో తిరుగుతుంది. తెర మీద బొమ్మ పడుతుంది. మేమందరం తుమ్ముతాం. గోతాలు తుమ్మవు.

మా ఇల్లు. లోపలి నుంచి తీశాడు. ఇంట్లో నుంచి వీధిలోకి చూసినట్టు ఉంది. గడప తెర అడుగున ఉంది. గడప మీద వయసులో ఉన్న అంకమ్మ రెండు చేతులూ ద్వారబంధానికి ఆనించి, మాకు వీపు పెట్టి నిలబడింది. అవతల వాన మొదలైంది. డోలు మీద కర్ర పడుతోంది, శబ్దం లేదు. అరుగు దగ్గర పట్టుపంచె కట్టుకున్న ఒక మనిషి మేళగాళ్లను తోస్తున్నాడు. అతని వీపే కనపడుతోంది. ఆ వీపు నాది.

వానలో మంగతాయి. పసుపు నీళ్లు చెంపల మీదుగా కారుతున్నాయి. నేను ఆ ముఖం మరిచిపోయాను. చివర మంచం మీద చూసిన ముఖమే నాకు గుర్తుంది.

"ఇది పెళ్లినాటిది. నువ్వు తీసింది ఆమె చచ్చిన తరువాత కదా," అంటాను.

"తీసింది ఇప్పుడే. ఆమె నిలబడి ఉన్నది మాత్రం ఆ రోజులోనే. గడప బయట ఉన్నోళ్లకి రోజు మారదు."

తెర మీద అంకమ్మ ఏదో అడుగుతుంది. మంగతాయి తల దించుకుంటుంది. తరువాత తల ఎత్తి, పట్టుపంచె మనిషి వీపు వైపు ఒకసారి చూస్తుంది. పెదవులు రెండుసార్లు కలుస్తాయి. చివర నోరు వెడల్పుగా తెరుచుకుంటుంది. కొంగు కొరుకుతుంది.

నా కాళ్ల కింద గోడౌన్ కొంచెం దిగుతుంది, కాటా మీద బరువు పెట్టినప్పుడు దిగినట్టు.

తెర మీద అంకమ్మ మావైపు తిరిగి నవ్వుతుంది. చెవి దగ్గర చెయ్యి పెట్టి, వినపడలేదని చూపిస్తుంది. జనం పళ్లు బయటపెట్టి నవ్వుతున్నారు. మళ్లీ అడుగుతుంది. మంగతాయి పెదవులు బిగించి చుబుకం ఎత్తుతుంది. ఇక కదలదు. వాన పెద్దదవుతుంది.

"చెప్పింది," అంటాను.

పక్కన ముసలి అంకమ్మ కళ్లు తుడుచుకుంటోంది. మిరపకాయల గోడౌన్‌లో అందరికీ కళ్లు కారతాయి. అది లెక్కలోకి రాదు.

"అక్కా. చెప్పింది."

"చెప్పకేం. చెప్పింది."

"నీకు వినపడిందా?"

"మూరెడు దూరంలో ఉన్నా. వినపడకేం?"

"మరి చెప్పలేదని అరిచావు."

"ఆటకి అరిచా రా. ఏ ఆడబిడ్డ అరవదు? వినపళ్ళా, గట్టిగా చెప్పు అంటాం. పిల్ల సిగ్గు పడుద్ది, జనం నవ్వుతారు, మళ్లీ చెప్పుద్ది. నా పెళ్లికి మా ఆడబిడ్డ నా గొంతు బొంగురుపోయేదాకా చెప్పించింది. అదంతా ముచ్చట. నీ పెళ్లాం రోషగత్తె. ఒకసారి చెప్పానుగా అని నిలబడింది. ఇంతలో వాన."

"తరువాతైనా నాకు చెప్పొచ్చుగా."

"నువ్వు అడగలా."

నేను అడగలేదు. అడిగే పని నాది కాదు.

"ఆమె అయినా చెప్పొచ్చు," అంటాను.

"చెప్పిన మాటని, చెప్పానని మళ్లీ ఎందుకు చెప్పుద్దిరా?" అంటుంది అంకమ్మ. "నువ్వు విన్నావనే అనుకుందేమో."

గోతాల చెవులు నావైపు తిరుగుతాయి. నేను కుట్టిన గోతాలు నన్ను ఇలా చూడటం ఇదే మొదలు.

బొమ్మ మళ్లీ మొదటికి వస్తుంది. వాన, డోలు, వీపు. కురోయివా నా మోచెయ్యి పట్టుకుని తెర పక్కకు తీసుకెళ్తాడు. మూత తీస్తాడు.

"ఈసారి ఆమె నోరు కదిలినప్పుడు నువ్వు చెప్పు. నీ పేరే గదా, కష్టమేముంది? చెబితే లోపలికొచ్చుద్ది. తల తుడుచుకుంటది."

పేరు నా నాలుక మీదికి వచ్చి ఉంది. దాని బరువు తెలుస్తోంది, నోట్లో గోలీ పెట్టుకున్నట్టు. మంగతాయి తల ఎత్తుతుంది. వీపు వైపు చూస్తుంది. పెదవులు కలుస్తాయి. నేను నోరు తెరవను.

"ఏందయ్యా? తడుస్తావుంది."

"ఒకసారి చెప్పింది."

"మాకు వినపడలా గదా."

"చెప్పింది. దారి అప్పుడే ఇవ్వాల్సింది. ఇప్పుడు ఆమె బదులు నేను చెబితే, అప్పుడు ఆమె చెప్పలేదని ఒప్పుకున్నట్టు. ఒప్పుకోను."

కురోయివా నన్ను చూస్తాడు. అతని పెదవులు మూసుకుని ఉన్నాయి. డబ్బాలోని గొంతు మాత్రం ఊరుకోదు. అది సన్నబడుతుంది, తియ్యగా మారుతుంది, ఆడ గొంతవుతుంది. అచ్చం మంగతాయి గొంతే.

"ఇదిగో, నిన్నే," అంటుంది డబ్బా. "తప్పు నాదే. నీ పేరు పలకని పాపిష్టిదాన్ని. మనసులో పెట్టుకోమాక. నన్ను లోపలికి రానీ."

ఈ మాటల కోసమే నేను ఇన్నేళ్లు ఎదురుచూశాను. అక్షరం తేడా లేదు. అన్నం ముందు కూర్చున్న ప్రతిసారీ, ఆమె మంచం పక్కన కూర్చున్న ప్రతిసారీ, ఈ మాటలే రావాలని చూశాను. ఇప్పుడు వచ్చాయి. తెర మీద మంగతాయి పెదవులు బిగించి, చుబుకం ఎత్తి నిలబడి ఉంది. ఆమె ఏమీ అనలేదు.

డబ్బా లాక్కుని మూత వేస్తాను. ఖాళీ గోతాంలో పడేస్తాను. నడుము నుంచి దబ్బనం తీసి గోతాం మూతి కుడతాను. "నన్ను లోపలికి రానీ," అంటూనే ఉంది లోపల. దగ్గర దగ్గరగా కుడతాను. కురోయివా నన్ను ఆపడు. పురికొస చిక్కుపడకుండా కొస పట్టుకుని నిలబడతాడు. కుట్టు పూర్తయ్యాక చెవులు వదిలి ముడి వేస్తాను. గొంతు ఆగిపోతుంది.

గోడౌన్‌లో ఇంత నిశ్శబ్దం నేను ఎప్పుడూ వినలేదు. దూరంగా పున్నారావు తుమ్మబోయి మానుకుంటాడు.

అప్పుడు తెర మీద మంగతాయి వెనక, వీధి చివర, ఇంకో ఆడమనిషి కనపడుతుంది. మొదటి నుంచీ అక్కడే ఉందేమో, ఎవరూ చూడలేదు. అందరి మీదా వాన పడుతోంది, ఆమె మీద మాత్రం మంచు పడుతోంది. చేతిలో మూట. కురోయివా ముఖం చూస్తే ఆమె ఎవరో తెలుస్తుంది. ఆమె పెదవులు కదులుతాయి. అతను పరుగెత్తి వెళ్లి తెరకు చెవి ఆనిస్తాడు. పక్కన నిలబడి ఆమెకు మాటలు చెప్పేవాళ్లు ఇప్పుడు ఎవరూ లేరు. అతని భుజాల మీది మంచు కరిగి కోటు మీదుగా కారుతుంది. ఆమె ఏమన్నదో నేను అడగను. అది అతని ఇంటి విషయం.

నేను గడప వైపు నడుస్తాను. తెర అడుగున అది మోకాలంత ఎత్తులో ఉంది.

"ఒరే, యాడికిరా?" అంటుంది అంకమ్మ వెనక నుంచి. "వానరా, తడుస్తావు!" తరువాత నా పేరు పెట్టి పిలుస్తుంది. శబ్దంతో. పూర్తిగా, స్పష్టంగా, ఈ పొద్దున్నుంచి ఎవరికీ రాని శబ్దంతో.

నేను ఆగుతాను. వెనక్కి తిరగను.

"వినపళ్ళా," అంటాను. "గట్టిగా చెప్పు."

ఆమె గట్టిగా చెబుతుంది.

"వినపళ్ళా."

ఆమె మళ్లీ చెబుతుంది. మళ్లీ. గొంతు బొంగురుపోతుంది. ఏడుస్తూ అరుస్తోంది. గడప మీద నిలబడ్డ వయసులోని అంకమ్మ చెయ్యి కిందుగా నేను వంగి, లోపలి నుంచి బయటికి దాటుతాను.

వాన చల్లగా ఉంది. పట్టుపంచె మనిషి అరుగు దగ్గర ఇంకా మేళగాళ్లను తోస్తున్నాడు. వాడి భుజం మీద చెయ్యి వేసి ఇటు తిప్పితే సరిపోతుంది. తిప్పను. వాడు డోళ్లు చూసుకోనీ. వాడిని కూడా క్షమించను.

మంగతాయి నన్ను చూస్తుంది. నేను ముసలివాడిని, ఆమె పెళ్లికూతురు. ఆమె ఆశ్చర్యపోదు. నా చేతిలో దబ్బనం చూసి కొంచెం జరిగి చోటు ఇస్తుంది. నేను ఆమె పక్కన, ఆ తడి నేల మీద నిలబడతాను. తరువాత పని మొదలుపెడతాను. పంచదార గోతాల అతుకులు ఇటువైపు నుంచి కూడా అలాగే ఉన్నాయి. గడపనూ ద్వారబంధాన్నీ దగ్గరికి లాగి పట్టుకుని, వాన వైపు నుంచి కుట్టుకుంటూ వస్తాను. అంకమ్మ అరుపు సన్నబడుతుంది. ఎండ కమ్మీ సన్నబడి దారమవుతుంది. దాన్ని కూడా కుట్టేస్తాను. తెర మా చుట్టూ గోతామై మూసుకుంటుంది. రెండు మూలలా చెవులు వదులుతాను.

బయట లారీ వచ్చినట్టుంది.

"ఈ గోతాం ఎవురిదిరా, ఇంత బరువుంది?" అంటాడు ఒక హమాలీ.

"నీళ్లు కారుతున్నయ్," అంటాడు ఇంకొకడు.

"లోపల మేళం మోగుతున్నట్టు లేదూ?"

"ఏదైతే ఏంది, ఎక్కించండి. చెవులున్నయ్ గదా, పట్టుకోండి," అంటాడు పున్నారావు.

రెండు చెవులూ పట్టుకుని మమ్మల్ని ఎత్తుతారు. పెళ్లినీ, వాననూ, డోళ్లనూ, తిరగని ఆ వీపునూ, అన్నిటినీ కలిపి లారీ మీద వేస్తారు. లారీ కదులుతుంది. చీకట్లో నీళ్లు మోకాళ్ల దాకా వస్తాయి, నడుము దాకా వస్తాయి. పసుపు వాసన వేస్తోంది. ఎండిపోయిన రోడ్డు మీద మా వెనక ఒక తడి గీత పడుతూ ఉంటుంది. దాని మీద మంచు పేరుకుంటూ ఉంటుంది.

మంగతాయి నా చెవి దగ్గరికి నోరు తెస్తుంది. ఒక మాట అంటుంది. ఒక్కసారే అంటుంది.

అది ఏమిటో నన్ను అడగవద్దు. నేను ముడి వేసి, పురికొసను పళ్లతో కొరుకుతాను. ఈ విషయం మీద నా నోట ఇక ఎప్పటికీ ఒక్క మాట రాదు.